తెగని పడుగు

పరమేశ్వర్ విసిరిన పానా సంతోషి చెవి పక్కగా దూసుకుపోయి వెనక సగం దించిన ఇనుప షట్టరుకు తగిలింది. మరమగ్గాల షెడ్డు షెడ్డంతా మోగింది.

సంతోషి తల తిప్పలేదు. సాంచె వెనక వంగి, నిలువు పోగుల పడుగు మీద ఆనించిన వేలు తీయలేదు.

“ఇంకోటి ఇసురు. ఇది తాకలె,” అంది.

“తాకిద్దామని ఇసర్లె,” అన్నాడు పరమేశ్వర్. “తాకిద్దామనుకుంటే తాకుతది. గిన్నేండ్లు కాపురం చేసినవ్, ఎరుకలేదా?”

“ఎరుకే. గందుకేగద కోర్టుకెక్కింది.”

పక్కన నిలబడ్డ సంగీత అక్క చెయ్యి పట్టుకొని లాగింది. “అక్కా, చల్. ఈడ ఉండద్దు. వీడు పాగల్ అయిండు.”

అప్పటికే ఆలస్యమైంది. పరమేశ్వర్ తమ్ముడు శ్యాంసుందర్ షట్టరు కిందికి లాగి లోపల తాళం వేశాడు. పగటి వెలుగు పోయి షెడ్డులో ట్యూబ్‌లైట్లు మాత్రం మిగిలాయి. మాస్కు గడ్డం కిందికి జరుపుకొని నవ్వాడు.

“ఏడికి పోతవ్ మరదలా? వాయిదా కానియ్యి. కరోనా పుణ్యమా అని కోర్టే మన షెడ్డుకొస్తున్నది. చాయ్ అయినా తాగిపో.”

“బీములు ఒడిసినయి, సాంచెలు నీయి, వచ్చి సూసుకో. వాయిదా గూడ ఈడికెల్లే ఫోన్ల చెప్దాం” అని పొద్దున ఫోన్ చేసి సూరత్ శివారు జోల్వాకు రప్పించింది పరమేశ్వరే. సంతోషి నమ్మింది. లింబాయత్ నుంచి చెల్లెల్ని తోడు తీసుకొని, రెండు ఆటోలు మారి వచ్చింది. షెడ్డులో అడుగుపెట్టగానే ఆమె సాంచెల ముందువైపు చూడలేదు. నేరుగా వెనక్కి వెళ్లింది. పానా లేచింది అప్పుడే.

ఖాళీగా ఉండాల్సిన పడుగు బీములు నాలుగూ దారంతో నిండుగా ఉన్నాయి. పాత పడుగు కొసలకు కొత్త పడుగు కొసలు కలిపి ముడులు. సాంచె ఈ చివర నుంచి ఆ చివర దాకా, చీమల బారులాగా, పోగు పోగుకూ ఒక ముడి.

“ఒడిసినయన్నవ్,” అంది సంతోషి.

“ఒడిసినయి. పాతయి ఒడిసినయి. అబద్ధమేమన్న చెప్పిన్నా?”

“మరి గిదేంది?”

“అతుకు,” అన్నాడు పరమేశ్వర్ తాపీగా. “పెద్దమనిషి సోమలింగం తాత నలుగుట్ల కూసోని ఏమన్నడు? పడుగు మీదుండంగ సాంచె చెయ్యి మారద్దన్నడు. పడుగు ఒడిసినంక మనోవర్తి కింద నాలుగు సాంచెలు నీయి అన్నడు. నువ్వు తలకాయ ఊపినవ్. వకీలు గదే రాసిండు. పడుగు ఒడిసిందా? సూడు. ఉన్నది.”



సంతోషి పుట్టినప్పటి నుంచి సాంచెల చప్పుడులోనే పెరిగిన మనిషి. కొత్త బీము వేసేటప్పుడు పాత పడుగును కోసి పారేయరు, దానికే అతుకుతారు, అలా అతుకుతూ పోతే ఏళ్ల తరబడి పడుగు తెగకుండా నడుస్తుందని ఆమెకు తెలియనిదా? తెలుసు. కానీ ఆ రోజు పెద్దమనుషుల ముందు ‘పడుగు ఒడిసినంక’ అనే మాట అన్నం ఉడికినంక అన్నంత మామూలుగా వినిపించింది. తలూపింది.

ఇప్పుడే కోసి ఇవ్వమని అడగొచ్చు. అడగలేదు. నడుస్తున్న పడుగు మీద కత్తెర పెట్టే మాట వాళ్ల ఇళ్లలో ఎవరి నోటా రాదు. ఇంటాయన చచ్చిపోయినప్పుడే పడుగు కోస్తారు. కోసిన పోగులు పిడికెడు తెచ్చి పీనుగు గుండె మీద పెడతారు. మామ పోయిన రోజు అత్త బుచ్చవ్వ ఈ షెడ్డులోనే ఆ పని చేస్తుంటే సంతోషి పక్కనే నిలబడింది.

బుచ్చవ్వ ఇప్పుడూ ఇక్కడే ఉంది. మూలన స్టూలు మీద కూర్చొని కండెలు చుడుతోంది. షట్టరు పడ్డా, పానా ఎగిరినా ఆమె తల ఎత్తలేదు.

సంతోషి ఒక ముడిని గోటితో మీటి చూసింది. సన్నగా, బియ్యపు గింజలో సగం కూడా లేదు. కొసలు రెండూ ఒకే వైపుకు వాలి ఉన్నాయి. సూరత్‌లో అతికే పనివాళ్లు వేసే ముడి కాదది. ఇలా వేసేవాళ్లు ఈ ఊళ్లో ఇద్దరే. ఒకరు సంతోషి. ఇంకొకరు ఆమెకు నేర్పిన మనిషి.

“అత్తా,” అంది.

కండెల మిషను ఆగలేదు.

“ఈ ముడి నీదే అత్తా.”

మిషను ఆగింది. బుచ్చవ్వ చేతులు ఒళ్లో పెట్టుకుంది.

“కరోనా వచ్చి నువ్వు వడోద్ రూముల పడుంటే నీ కొడుకులిద్దరు బయట గొళ్లెం పెట్టి పోయిండ్రు. నేనొచ్చి తీసిన. విడాకులు కోర్టుల ఉన్నయి, ఈమె నాకేమైతదని అనుకోలె. గంజి నోట్ల పోసిన. గా చేతులతోనే నువ్వు ముడులేసినవా?”

“మా అవ్వతోని ఏంది మాట? నాతోని మాట్లాడు!” పరమేశ్వర్ అడ్డం వచ్చాడు.

“నీతోని మాట్లాడెటిది ఒడిసింది. గా పడుగు ఒక్కటే ఒడవలె.”

పరమేశ్వర్ చెయ్యి తిరగేసి కొట్టాడు. చేతికున్న కడియం పెదవికి తగిలింది. సంతోషి సాంచె మీద పడి, లేచి నిలబడింది. నోట్లో ఉప్పగా ఉంది. ఉమ్మేసింది. నేల మీద ఎర్రగా పడింది.

“హరామీ!” సంగీత ఎగిరి బావ చొక్కా పట్టుకుంది. శ్యాంసుందర్ వెనక నుంచి ఆమె జుట్టు చేతికి చుట్టుకొని గుంజాడు. సంగీత తిరిగి అతని మణికట్టు కొరికింది. అతను బూతు తిట్టి, ఆమె తలను ఇనుప స్తంభానికి ఒక్కసారి కొట్టాడు. సంగీత మోకాళ్ల మీద కూలింది. అతని కుడి చేతిలోకి దారాలు కోసే చిన్న కత్తి వచ్చింది. అది ఆమె మెడ మీద ఆగింది.

“ఛోడ్ నా రే,” అని వదలమంది సంగీత గొంతు తగ్గించి. “లగ్ జాయేగా, తాకుతది.”

“లగాలనే పట్టుకున్న. సప్పుడు చెయ్యకు.”

బుచ్చవ్వ లేచింది. “పెద్దోడా.”

“నువ్వు కూసో అవ్వా.”

“వారం పని అన్నవ్ నాతోని. సేటుది సాంచెకు ఒక్క బీము, అతికియ్యి, గవి ఒడవంగనే సంతోషి సాంచెలు సంతోషికిస్త అన్నవ్.”

“అన్న. ఇయ్యాల గూడ అంట. ఎప్పుడైనా అంట.” పరమేశ్వర్ నవ్వాడు. “పాండేసర దారం ఏజెంటు ఊకెనే తన బిడ్డనిస్తడా? సుమన నా ఇంటికి రావాల్నంటే కోర్టు కాగితం ముందర పెట్టాలె, సాంచెలు నడుస్తున్నట్టు గూడ సూపియ్యాలె. అత్తగారింటి దారం, నా సాంచెలు. మధ్యల దీనికెందుకు? ఇది ఒడువంగ ఇంకోటి అతుకుత. గది ఒడువంగ ఇంకోటి. నేను సచ్చేదాక ఈ పడుగు తెగదు. చాలునా?”

బుచ్చవ్వ కొడుకు ముందుకు వచ్చింది.

“నాయిన గుండె మీద పెట్టి దాసిన పోగులు పట్టుకొని ఒట్టేసినవు గద, సోమలింగం ముందర. జమానతు ఎవలుంటరని అడిగితే నేను లేచి నిలబడితిని.”

“నాయిన వచ్చి అడుగుతడా?”

ఆమె మళ్లీ కూర్చుంది.

పరమేశ్వర్ ఫోన్ మోగింది. వకీలు. “నెక్స్ట్ మీదే. లింక్ ఓపెన్ చేసి కూర్చోండి. చివరి వాయిదా ఇది. ఇద్దరూ హా అంటే ఇవాళే తీర్పు.”

పరమేశ్వర్ దారపు కోన్ల పెట్టెలు రెండు ఒకదాని మీద ఒకటి పెట్టి, ఫోన్ వాటికి ఆనించాడు. జేబులోంచి కొత్త మాస్కు తీసి సంతోషి మొహం మీదికి విసిరాడు.

“పెట్టుకో. నెత్తురు కనపడద్దు.”

పెట్టుకుంది. పెదవి మీద గుడ్డ తడిసి అతుక్కుంది.

“జడ్జి అడుగుతది, నాలుగు సాంచెలు అందినయా అని. ఏమంటవ్?”

సంతోషి మాస్కు తాడు చెవి వెనక సర్దుకుంది.

“అందినయని ‘మిల్ గయా’ అంటవ్. గంతే. రెండు మాటలు. అన్నవనుకో, నువ్వు, నీ చెల్లె నడుసుకుంట ఇంటికి పోతరు.”

“అనకుంటే?”

పరమేశ్వర్ తమ్ముడి వైపు చూశాడు. కత్తి మొన కింద సంగీత మెడ మీద ఎర్రటి గీత తేలింది.

సంతోషి ఆ గీతను చూసింది. తర్వాత సాంచెలను చూసింది.

విడాకులు ఆమెకూ కావాలి. ఈ మనిషి పేరు తన పేరు పక్కన ఒక్క రోజు కూడా ఉండొద్దనే మొదటిసారి జడ్జి ముందు హా అంది. నెలలుగా ఎదురుచూసింది ఈ రోజు కోసమే. కానీ ఈ రోజు దాటితే మనోవర్తి మాట మళ్లీ ఎత్తడానికి దారి ఉండదు. ‘అంతా అందింది, ఇక ఏ హక్కూ అడగను’ అని వకీలు రాసింది ఆమెకు చదివి వినిపించాడు. ఈ సాంచెలు చేతికొస్తే తన షెడ్డు, తన నేత. రాకపోతే మళ్లీ ఎవడో సేటు దగ్గర పన్నెండు గంటల షిఫ్టు, ఆడదానికి సాంచె ఇవ్వమనే మాటలు, కండెలు చుట్టే మూల.

కోపం వచ్చినప్పుడు సంతోషి అరుస్తుంది. భయం వచ్చినప్పుడు మాత్రం పనిలో ఉన్నప్పటిలాగా కళ్లు ఒక్కొక్క చోటే ఆగి చూస్తాయి. ఇప్పుడు అలాగే చూస్తోంది. పరమేశ్వర్ మెయిన్ స్విచ్చి ఆపలేదు, ఫ్యాన్లు తిరుగుతున్నాయి. సాంచెలకు కరెంటు ఉంది. శ్యాంసుందర్ రెండో సాంచెకు ఆనుకొని నిలబడ్డాడు. సంగీతను కాళ్ల మధ్య నొక్కి పట్టి, కుడి చేత్తో కత్తి పట్టుకొని, బరువంతా ఎడమ చేతి మీద వేశాడు. ఆ ఎడమ చెయ్యి నేసిన బట్ట అంచు మీద, పోగులను దగ్గరికి కొట్టే దువ్వెన లాంటి ఫణికి ఎదురుగా పరుచుకొని ఉంది.

సాంచె పని తెలిసినవాడు ఎవడూ అక్కడ చెయ్యి పెట్టడు. శ్యాంసుందర్ ఎప్పుడూ నేయలేదు. మార్కెట్లో పార్సిళ్లు మోసేవాడు.

ఆ సాంచె హ్యాండిల్ సంతోషికి రెండడుగుల దూరంలో ఉంది.

ఫోన్‌లో చిన్న చిన్న గడులు వచ్చాయి. ఒక గడిలో నల్ల కోటుతో వకీలు. పెద్ద గడిలో కళ్లద్దాలతో ఒకావిడ, ఆమె మొహానికీ మాస్కే.

“పరమేశ్వర్‌భాయ్?”

“జీ మేడమ్.”

“సంతోషిబెన్?”

“జీ.”

“మాస్క్ నీచే కరో. చెహరా దిఖావో.”

పరమేశ్వర్ భుజం బిగిసింది. మొహం చూడకుండా తీర్పు ఇవ్వరని వకీలు ముందే చెప్పాడు. అది అతనికి గుర్తు లేదు.

సంతోషి మాస్కు దించింది.

ఫోన్‌లో ఆవిడ ముందుకు వంగింది. “యే క్యా హువా? ఏమైంది మొహానికి?”



“దారం మోసే నాడె ఎగిరి తగిలింది మేడమ్,” అంది సంతోషి హిందీలో. “సాంచెల దగ్గర అవుతుంటది.”

పరమేశ్వర్ ఊపిరి వదిలాడు.

“ఎవరైనా బలవంతం పెడుతున్నారా? మీ ఇష్టంతోనే విడిపోతున్నారా?”

“నా ఇష్టంతోనే. ఈయనతోని ఉండను. గది ఖరారు.”

“శాశ్వత మనోవర్తి కింద నాలుగు మగ్గాలు ఇస్తామని రాసుకున్నారు. అవి మీకు అందాయా?”

సంతోషి నోరు తెరిచింది. పరమేశ్వర్ పెదవులు చప్పుడు లేకుండా ఆ రెండు మాటలూ కదిపి చూపిస్తున్నాయి. శ్యాంసుందర్ ఇంకొంచెం వాలాడు. అరచెయ్యి బట్ట మీద గట్టిగా అదుముకుంది.

“నడుపుకుంట చూపిస్త మేడమ్,” అంది సంతోషి.

ఒక్క అడుగు వేసింది. హ్యాండిల్ లాగింది.

సాంచె ఒక్కసారిగా లేచింది. ఫణి ఉన్న బరువైన దిమ్మె ముందుకు కొట్టింది, వెనక్కి పోయి మళ్లీ కొట్టింది. రెండో దెబ్బకు ఎముకల చప్పుడు సాంచె చప్పుడులో కలిసిపోయింది. మూడో దెబ్బకు శ్యాంసుందర్ అరుపు షెడ్డు రేకులను తాకింది. నాడె దారి తప్పి ఎగిరి, ట్యూబ్‌లైటును పగలగొట్టి గోడకు గుచ్చుకుంది. సాంచె దానంతటదే ఆగిపోయింది. తెల్లటి బట్ట మీద అతని వేళ్లు వేళ్లలా లేవు.

కత్తి కింద పడింది. సంగీత దాన్ని కాలితో తన్ని, షట్టరు వైపు పాకింది. తాళం. తెరవమని రెండు చేతులతో బాదడం మొదలుపెట్టింది. “ఖోలో! కోయి హై? ఖోలో!” అవతల పక్క షెడ్ల సాంచెలు నడుస్తున్నాయి. ఆ మోతలో ఎవరికి వినిపిస్తుంది?

“లంజా!” పరమేశ్వర్ సంతోషి మీద పడ్డాడు. కోన్ల పెట్టెలు దొర్లాయి. ఫోన్ నేల మీద వెల్లకిలా పడింది. “హలో? హలో? క్యా హో రహా హై?” జడ్జి గొంతు కింద నుంచి వస్తూనే ఉంది.

అతను ఆమెను మూడో సాంచె పడుగు మీదికి వెనక్కి వంచి, రెండు చేతులతో గొంతు పట్టుకున్నాడు. పోగులు వీపు కింద తీగల్లా బిగిశాయి. సంతోషి అతని కళ్లలోకి వేళ్లు పెట్టబోయింది, అందలేదు. చెవి దొరికింది. పట్టుకొని మెలి తిప్పింది. అతను మోకాలితో ఆమె కడుపులో పొడిచాడు. ఊపిరి పోయింది. రేకుల కప్పు మసకబారింది. ఎక్కడో దూరంగా చెల్లెలు షట్టరును బాదుతోంది.

అప్పుడు వినిపించింది ఆ చప్పుడు.

మెల్లగా, గట్టి గుడ్డను చింపినట్టు, ఆగకుండా. కత్తెర.

పరమేశ్వర్ చేతులు సడలాయి. తల తిప్పాడు.

మొదటి సాంచె దగ్గర బుచ్చవ్వ నిలబడి ఉంది. పడుగును ఆ చివర నుంచి ఈ చివరకు, తను వేసిన ముడుల మీదుగా కోసుకుంటూ వస్తోంది. తెగిన పోగులు రెండు వైపులకూ జారి సాంచె కింద వేలాడుతున్నాయి. చివరి పోగు తెంపి, రెండో సాంచె దగ్గరికి నడిచింది. దాని ముందు చిన్న కొడుకు చెయ్యి పట్టుకొని పొర్లుతున్నాడు. ఆమె అతన్ని దాటుకొని వెళ్లింది.

“అవ్వా!” పరమేశ్వర్ గొంతు చిన్నపిల్లాడిలా పలికింది. “అవ్వా, ఏం చేస్తున్నవే? ఆపు! నేను బతికే ఉన్న!”

కత్తెర ఆగలేదు. రెండో పడుగు కూడా తెగింది.

“అవ్వా! నేను బతికుండంగ కోస్తవా?”

“సచ్చేదాక తెగదన్నవ్ గద,” అంది బుచ్చవ్వ. ఆ గొంతులో కోపం లేదు. మామ పోయిన రోజు కూడా సరిగ్గా ఇలాగే మాట్లాడింది. “తెగింది. సూసుకో.”

సంతోషి పడుగు మీద నుంచి కిందికి జారి, నేల మీద కూర్చొని గొంతు పట్టుకుంది. గాలి కోసం నోరు తెరుస్తోంది. అందులోంచి మాట రావడం లేదు. బుచ్చవ్వ మూడో సాంచె దగ్గరికి వచ్చి, కోడలి తల పక్కనే వంగి కోసింది. తెగిన పోగులు సంతోషి భుజాల మీద పడ్డాయి.

ఇంకొకటే ఉంది. నాలుగోది.

బుచ్చవ్వ దాని దగ్గరికి పోలేదు. మూడో సాంచె పోగుల్లోంచి ఒక పిడికెడు కోసి, చేత్తో సర్ది, కొసలు సమానం చేసుకుంది. అవి పట్టుకొని పెద్ద కొడుకు వైపు నడిచింది. రెండో చేతిలో కత్తెర అలాగే ఉంది.

పరమేశ్వర్ వెనక్కి జరిగాడు. మళ్లీ జరిగాడు. వీపు షట్టరు దాకా వెళ్లింది. అతన్ని చూసి సంగీత పక్కకు దూకింది.

“పండుకో బిడ్డా,” అంది బుచ్చవ్వ. “నీ గుండె మీద పెట్టాలె.”

“అవ్వా, దగ్గరికి రాకు.”

“మీ నాయిన గూడ సప్పుడు చెయ్యక పండుకున్నడు. పండుకో.”

నేల మీద ఫోన్‌లో గడులు ఇంకా వెలుగుతున్నాయి. వకీలు ఏదో అరుస్తున్నాడు. అతని మాటను తోసేసి ఆవిడ గొంతు స్పష్టంగా వచ్చింది. “సంతోషిబెన్, ఆప్ హై? జవాబ్ దో. మగ్గాలు అందాయా, లేదా?”

సంతోషి ఫోన్ వైపు పాకింది. ఒక చెయ్యి చాచింది. గొంతులోంచి గాలి వస్తోంది, మాట రావడం లేదు.

వంగి, వెనక నేలను తడుముకుంటున్న పరమేశ్వర్ చేతికి చల్లగా ఏదో తగిలింది. ఇందాక అతనే విసిరిన పానా.

అతను దాన్ని తల్లి తల మీదికి ఎత్తాడు. ఈసారి తాకించాలనే ఎత్తాడు.